నీనో బరాల్యి: ఇద్దరు దర్శకులు, ఒకే కత్తెర

నీనో బరాల్యి (1 అక్టోబరు 1925 – 29 మే 2013) ఇటలీ సినిమా ఎడిటర్. రోమ్‌లో పుట్టాడు, అక్కడి స్టూడియోల్లోనే పనిచేశాడు, ఆ నగరంలోనే కన్నుమూశాడు. రెండు వందలకు పైగా చిత్రాలకు కూర్పు చేశాడు. పియెర్ పావొలో పాసోలినీ తీసిన కథాచిత్రాలు మొదటిదాని నుంచి చివరిదాకా అతని బల్ల మీదికే వచ్చాయి. సెర్జియో లియోనె 1966 తర్వాత దర్శకత్వం వహించిన సినిమాలన్నీ కూడా అంతే. చివరి దశలో దర్శకుడు ఫెల్లీనీ సైతం అతన్నే వెతుక్కుంటూ వచ్చాడు.

ఒక్క 1966 సంవత్సరాన్నే తీసుకుందాం. ఆ ఏడాది ఇటలీలో విడుదలైన మూడు సినిమాల టైటిళ్లలో కూర్పు దగ్గర బరాల్యి పేరుంది. మొదటిది సెర్జియో కొర్బూచి తీసిన ‘జాంగో’. బురదలో శవపేటికను ఈడ్చుకుంటూ ఊళ్లోకి వచ్చే ఒంటరి వీరుడు, ఆ పేటికలోంచి బయటికి తీసే మెషిన్‌గన్, ఆ తర్వాత కుప్పలుగా శవాలు. రెండోది పాసోలినీ తీసిన ‘గద్దలూ పిచ్చుకలూ’. ఇటలీ జనం నెత్తిన పెట్టుకున్న హాస్యనటుడు తోతో అందులో తండ్రి, నినెత్తో దావోలి కొడుకు. రోడ్డు పట్టుకుని నడిచిపోతున్న ఆ ఇద్దరి వెంటపడి మార్క్సిజం బోధించే మాటలకాకి ఒకటి, చివరికి ఆకలేసి ఆ కాకినే కాల్చుకు తినేసే తండ్రీకొడుకులు. మూడోది డిసెంబరులో వచ్చిన లియోనె సినిమా ‘ది గుడ్, ది బ్యాడ్ అండ్ ది అగ్లీ’. దాని సంగతి కొత్తగా చెప్పనక్కర్లేదు. మాస్ కౌబాయ్ సినిమా, మేధావుల నీతికథ, మూడు గంటల మహాకావ్యం. ఈ మూడూ ఒకే ఏడాది ఒకే మనిషి చేతుల్లోంచి వచ్చాయంటే వెంటనే నమ్మబుద్ధి కాదు.

సినిమా చరిత్రలు ఇలాంటివాళ్లను రెండు ముక్కల్లో తేల్చేస్తాయి: నమ్మకస్థుడైన పనివాడు, దర్శకుడు అడిగింది చేసిపెట్టేవాడు. అది అన్యాయమైన తీర్పు. బరాల్యి పనిని వరసపెట్టి చూస్తే, ఎదురెదురుగా నిలబడ్డ ఇద్దరు దర్శకులు ఒకే విషయం మీద పట్టుదలగా పనిచేశారనీ, ఆ విషయం అతనికి బాగా తెలిసినదనీ అర్థమవుతుంది. ఆ విషయం మనిషి ముఖం. ముఖాన్ని తెర మీద ఎంతసేపు ఉంచాలి, దాని పక్కన ఏం పెట్టాలి, ఎప్పుడు తప్పించాలి అన్నదే అతని వృత్తి జీవితమంతా.

రోమ్ ఎడిటింగ్ గదులు

బరాల్యి వృత్తిలో ఎదిగేనాటికి ఇటలీలో ఎడిటర్ల సంప్రదాయం గట్టిగానే ఉంది. రోసెల్లీనీ ‘రోమ్ ఓపెన్ సిటీ’ (1945), డిసీకా ‘బైసికిల్ థీవ్స్’ (1948) లాంటి నియోరియలిజం చిత్రాలకూ, తర్వాత ఆంతోనియోనీ ‘లవెంతూరా’కూ కూర్పు చేసినవాడు ఎరాల్దో దా రోమా. విస్కోంతి ‘ది లెపర్డ్’కు మారియో సెరాంద్రేయి, ఫెల్లీనీ ‘లా దోల్చే వీతా’కు లేయో కతోత్సో పనిచేశారు. బరాల్యి తరంలోనే మరో గట్టి పేరు రుజ్జేరో మస్త్రోయాన్ని. హీరో మార్చెల్లో మస్త్రోయాన్నికి సొంత తమ్ముడు. ‘డెత్ ఇన్ వెనిస్’, ‘అమార్కోర్ద్’ లాంటి చిత్రాలు అతనివి. ఈ పేర్లేవీ పోస్టర్ల మీద పెద్దక్షరాల్లో కనిపించవు. కానీ ఇటలీ సినిమా బంగారుకాలమంతా ఇలాంటి అరడజను మంది గదుల్లోంచి నడిచి వచ్చిందే.

ఆ గదుల్లో పని ఎలా జరిగేదో కొంచెం తెలిస్తే బరాల్యి సినిమాలు ఇంకా బాగా అర్థమవుతాయి. 35 మిల్లీమీటర్ల ఫిల్ములో సెకనుకు 24 ఫ్రేములు. వెయ్యి అడుగుల రీలు పదకొండు నిమిషాలు నడుస్తుంది. ల్యాబ్ నుంచి వచ్చిన రషెస్‌ను, అంటే తీసిన షాట్ల ప్రింట్లను, మూవియోలా అనే యంత్రం మీద చూసి, కావలసిన చోట కోసి, అతికించి, మళ్లీ చూడాలి. పాత పద్ధతిలో అతుకు వేయాలంటే ఫిల్ము అంచును గీకి జిగురు పూయాలి. అందులో ఒక ఫ్రేము పోయేది. వేసిన అతుకు నచ్చక విప్పితే ఇంకో ఫ్రేము పోయేది. అంచేత ఎడిటర్ కోసేముందు పదిసార్లు ఆలోచించేవాడు. ఈ బాధ తీర్చినవాడు పైన చెప్పిన కతోత్సోనే. ఫిల్ము రెండు కొసలనూ పక్కపక్కన పెట్టి పారదర్శకమైన టేపు వేసి నొక్కితే, టేపుకు కూడా రంధ్రాలు పడి అతుకు సిద్ధమయ్యే చిన్న యంత్రాన్ని అతను తయారుచేశాడు. ఇటలీ ఎడిటర్లు ఆ స్ప్లైసర్‌ను అతని పేరుతోనే పిలిచేవారు. అది ప్రపంచమంతా పాకింది, చాలా ఏళ్ల తర్వాత హాలీవుడ్ అకాడమీ దానికి సాంకేతిక పురస్కారం కూడా ఇచ్చింది. టేపు పీకేస్తే ఒక్క ఫ్రేమూ పోదు. వేసి చూడటం, నచ్చకపోతే విప్పి ఇంకోలా వేయడం అప్పటినుంచే సులువైంది. ముఖాన్ని ఇంకో అర సెకను ఉంచితే ఎలా ఉంటుందన్న ప్రశ్నకు జవాబు ఊహలో కాక తెర మీదే దొరకడం మొదలైంది.

రెండో సంగతి శబ్దం. 1960లలో ఇటలీ సినిమాలు దాదాపుగా అన్నీ డబ్బింగ్ మీదే నడిచాయి. షూటింగ్‌లో పట్టిన శబ్దం గుర్తుకోసమే. సంభాషణలన్నీ తర్వాత స్టూడియోలో చెప్పించేవారు. పాసోలినీ తొలి సినిమా హీరో ఫ్రాంకో చిత్తికి గొంతు ఇచ్చింది పావొలో ఫెర్రారి అనే మరో నటుడు. లియోనె సెట్లో ఒకే సన్నివేశంలో ఒక నటుడు ఇంగ్లిషులో, పక్కవాడు ఇటాలియన్‌లో, ఎదుటివాడు స్పానిష్‌లో మాట్లాడేవాళ్లు. మన దగ్గర కూడా డబ్బింగే రివాజు గనక ఇది తెలుగు ప్రేక్షకులకు వింతగా తోచదు. దీనివల్ల నటనలో పోయిందేమిటని విమర్శకులు చాలా రాశారు. ఎడిటర్‌కు వచ్చిన లాభం గురించి రాసినవాళ్లు తక్కువ. సంభాషణకు కట్టుబడనవసరం లేని బొమ్మను ఎక్కడైనా కోయవచ్చు. మాట ఒకరిది, ముఖం వినేవాడిది కావచ్చు. నిశ్శబ్దాన్ని ఎంతైనా సాగదీయవచ్చు. బరాల్యి ఇద్దరు పెద్ద దర్శకులూ ఈ స్వేచ్ఛను చివరి చుక్కదాకా వాడుకున్నారు.

పాసోలినీ: తెలిసి విరిచిన వ్యాకరణం

పాసోలినీ కవి, నవలా రచయిత. దర్శకుడు కాకముందు ఇతరుల సినిమాలకు స్క్రిప్టులు రాసేవాడు. మావ్‌రో బొలొన్యీని తీసిన ‘లా నొత్తె బ్రావా’ (1959), ‘ఇల్ బెల్లాంతోనియో’ (1960) చిత్రాల స్క్రిప్టుల్లో అతని చేయి ఉంది. ఆ రెండింటి కూర్పూ బరాల్యిదే. కాబట్టి 1961లో తొలిసారి సొంతంగా ‘అక్కత్తోనె’ మొదలుపెట్టినప్పుడు పాసోలినీ ఎడిటర్ కోసం దూరం వెళ్లనక్కర్లేకపోయింది.

ఆ సినిమా మొదట ఫెల్లీనీ కంపెనీ తీయాల్సింది. ప్రయోగంగా తీసిన కొన్ని సన్నివేశాలు చూసి ఫెల్లీనీ వెనక్కి తగ్గాడు. అల్ఫ్రేదో బీని అనే నిర్మాత ముందుకొచ్చాడు. ఫెల్లీనీకి ఎందుకు నచ్చలేదో ఊహించడం కష్టం కాదు. పాసోలినీకి లెన్సుల సంగతి పెద్దగా తెలియదు. కెమెరాను మనిషికి ఎదురుగా పెట్టి తీసేవాడు, గుడి గోడ మీది చిత్రంలో సాధువు నిలబడినట్టు. అతను బొలోన్యా విశ్వవిద్యాలయంలో రొబెర్తో లోంగి దగ్గర చిత్రకళా చరిత్ర చదువుకున్నాడు, పాత చిత్రకారులు జొత్తో, మసాచ్చోల బొమ్మలు మనసులో నాటుకున్నాయి. ఒక షాటు నుంచి ఇంకో షాటుకు నున్నగా జారిపోయే హాలీవుడ్ పద్ధతి అతనికి అక్కర్లేదు. రోమ్ శివార్లలోని పోకిరీ కుర్రాడి ముఖం, ఇంకో ముఖం, ఖాళీ మైదానం, మళ్లీ ముఖం. దేనికదే విడిగా నిలబడాలి. నేల మీద దొర్లుతూ కొట్టుకుంటున్న ఇద్దరి మీద బాఖ్ ‘సెయింట్ మాథ్యూ ప్యాషన్’ సంగీతం మోగాలి.

ఇలాంటి రషెస్ చేతికొస్తే అలవాటుపడ్డ ఎడిటర్ మొదట చేసే పని తప్పులు సరిదిద్దడం. చూపులు కలిసేలా, కదలికలు అతికేలా సర్దుతాడు. బరాల్యి ఆ పని చేయలేదు. ‘అక్కత్తోనె’లో కట్‌లు మొరటుగా ఉంటాయి, ఉండాలనే అలా ఉంచారు. ఆ మొరటుదనం అజ్ఞానంగా కనిపించకుండా గాంభీర్యంగా కనిపించడానికి మాత్రం చాలా నేర్పు కావాలి. తప్పు ఒకసారి జరిగితే పొరపాటు, లయగా జరిగితే శైలి. ఆ లయ బల్ల మీద పుట్టిందే.

మూడేళ్ల తర్వాత వచ్చిన ‘మత్తయి సువార్త’ (1964) అతని పనిలో నాకు అన్నిటికన్నా ఇష్టమైనది. దక్షిణ ఇటలీలోని మతేరా గుహల ఊరు జెరూసలేమైంది. పందొమ్మిదేళ్ల కతలాన్ విద్యార్థి ఎన్రీకె ఇరసోకి క్రీస్తు అయ్యాడు. పాసోలినీ తల్లి సుసన్నా వృద్ధ మేరీగా నటించింది. కొండ మీద ప్రసంగం సన్నివేశాన్ని ఎవరైనా ఎలా తీస్తారు? కొండ, కింద జనం, మధ్యమధ్య వింటున్న ముఖాలు. ఇక్కడ జనమే లేరు. క్రీస్తు ముఖం ఒక్కటే తెర నిండా. ఒక బోధ చెప్తాడు, కట్. అదే ముఖం, వెనక ఆకాశం మారిపోయింది. ఇంకో బోధ, కట్. ఇప్పుడు చీకటి. మళ్లీ కట్, గాలివాన, మెరుపులు. ఒక్క ప్రసంగం ఎన్నో రోజుల, ఎన్నో ఊళ్ల బోధగా మారిపోయింది, ఒక్క మాట అదనంగా చెప్పకుండా. ఇది రాతలో ఉన్న ఆలోచనే కావచ్చు, కానీ దాన్ని నిలబెట్టింది ఆ కట్‌ల నిడివి. ఏ ముఖమూ మనం అలవాటు పడేంతసేపు ఉండదు. విచారణ సన్నివేశంలో దీనికి పూర్తిగా విరుద్ధం: జనం భుజాల సందుల్లోంచి, దూరంనుంచి, కెమెరా ఊగుతుండగా చూస్తాం. ఆ సినిమాకు వెనిస్ చిత్రోత్సవంలో జ్యూరీ ప్రత్యేక బహుమతి దక్కింది.

పాసోలినీ ఎడిటింగ్ గురించి సిద్ధాంతం కూడా రాశాడు. లాంగ్ టేక్ (కట్ లేకుండా సాగే షాటు) మీద 1967లో రాసిన వ్యాసంలో కెనడీ హత్య జరిగినప్పుడు ఒక ప్రేక్షకుడు తీసిన చిన్న ఫిల్మును ఉదాహరణగా తీసుకున్నాడు. బతికున్నంతకాలం మనిషి జీవితానికి ఖాయమైన అర్థం ఉండదనీ, మరణం వచ్చాకే దానిలోంచి ముఖ్యమైన ఘట్టాలు ఏరి వరస పెట్టగలమనీ, సినిమాకు కూర్పు చేసేది సరిగ్గా ఆ పనేననీ అతని వాదం. దర్శకుడు రాసిన ఈ మాటలు బరాల్యి గదిలో రోజూ జరుగుతున్న పనికి తాత్విక వ్యాఖ్య అనుకోవచ్చు. ‘గద్దలూ పిచ్చుకలూ’లో కథ మధ్యన హఠాత్తుగా కమ్యూనిస్టు నాయకుడు తొల్యాత్తి అంతిమయాత్ర వార్తాచిత్రం వచ్చిపడుతుంది. ఏడుస్తున్న, పిడికిళ్లెత్తిన నిజమైన జనం. నవ్వులాటగా సాగుతున్న సినిమా ఒక్కసారి ఊపిరి బిగబడుతుంది, ఆ తర్వాత మళ్లీ తోతో నడక. అంతకుముందు ‘లా రబ్బియా’లో (1963) పాసోలినీ భాగమంతా పాత వార్తాచిత్రాల ముక్కలతోనే కట్టారు. మారిలిన్ మన్రో మరణాన్నీ, అణువిస్ఫోటనాన్నీ ఒక దగ్గరికి తెచ్చిన ఘట్టంలో కొత్తగా తీసిన బొమ్మ లేదు, ఏరి పక్కన పెట్టడమే ఉంది. ఒక సరదా సంగతి: ‘గద్దలూ పిచ్చుకలూ’ టైటిళ్లను ఎన్నియో మొరికోనె సంగీతంలో గాయకుడు దొమేనికో మొదూన్యో పాడతాడు. పనిచేసినవాళ్ల పేర్లన్నీ పాటలోనే వస్తాయి, ఎడిటర్ పేరుతో సహా. ఎడిటర్ పేరు పాటలో వినిపించిన సినిమాలు ప్రపంచంలో ఎన్ని ఉంటాయి?

ఆ తర్వాతి సినిమాల్లో కూర్పు ఇంకా సాహసంగా మారింది. ‘తెయొరేమా’ (1968) ఒక మిలాన్ ధనిక కుటుంబం కథ. అందులో కథతో సంబంధం లేనట్టుండే బూడిదరంగు ఎడారి షాట్లు అప్పుడప్పుడు వచ్చి పోతుంటాయి. ‘పోర్చీలె’ (1969) రెండు కథల్ని ఒకదాంట్లో ఒకటి అల్లింది. అగ్నిపర్వత సానువుల్లో మాటల్లేకుండా సాగే నరమాంస భక్షకుడి కథ ఒకటి, ఆధునిక జర్మన్ పారిశ్రామికవేత్త కొడుకు కథ ఇంకొకటి. రెండూ చివరిదాకా కలవవు, కలిపేది కత్తెరే. మరియా కల్లాస్ నటించిన ‘మెదేయా’లో (1969) రాకుమార్తె మరణం రెండుసార్లు జరుగుతుంది. మొదట మెదేయా కలగన్నట్టు, విషం పూసిన బట్ట నిప్పంటుకుని. తర్వాత నిజంగా, దాదాపు అవే షాట్లతో, కానీ నిప్పు లేకుండా. పురాణం ఎలా చూస్తుంది, ఈ లోకం ఎలా చూస్తుంది అన్న తేడాను పాసోలినీ సంభాషణలో పెట్టలేదు. షాట్లను రెండోసారి వాడటంలో పెట్టాడు. మొదటిసారి చూసినప్పుడు ప్రొజెక్టర్‌లో రీళ్లు తారుమారయ్యాయేమో అనుకునే ప్రేక్షకులు ఉండటం సహజం.

1970ల మొదట్లో వచ్చిన ‘డెకమెరాన్’, ‘కాంటర్‌బరీ టేల్స్’, ‘అరేబియన్ నైట్స్’ మూడూ పండగ వాతావరణంలో సాగిన సినిమాలు. వీటిలో కొన్నిటికి తత్యానా కసీని మొరీజి కూడా కూర్పులో చేయివేసింది. మూడూ పెద్ద చిత్రోత్సవాల్లో బహుమతులు గెలిచాయి, మూడూ బాక్సాఫీసు దగ్గర డబ్బు చేసుకున్నాయి. బరాల్యి పనిగా చూస్తే వీటిలో కొత్తదనం తక్కువ.

పాసోలినీ చివరి సినిమా ‘సలో’. 1975 వేసవిలో రోమ్‌లోని టెక్నికలర్ ల్యాబ్ నుంచి దొంగలు నెగిటివ్ రీళ్లు ఎత్తుకుపోయారు. ఫెల్లీనీ ‘కసనోవా’, దమియానో దమియానీ తీసిన ఒక కౌబాయ్ సినిమా, ‘సలో’ మూడూ దెబ్బతిన్నాయి. డబ్బిస్తే తిరిగిస్తామని బేరం పెట్టారు. పోయిన షాట్లకు బదులు అప్పటికి తీసిపెట్టుకున్న వేరే టేకులు వాడాల్సి రావడం ఎడిటర్‌కు ఎంత తలనొప్పో చెప్పనక్కర్లేదు. ఏరుకున్న టేకు పక్కనపెట్టి, వద్దనుకున్న టేకుతో సన్నివేశాన్ని మళ్లీ నిలబెట్టాలి. నవంబరు 2 తెల్లవారుజామున ఓస్తియా సముద్రతీరంలో పాసోలినీ హత్యకు గురయ్యాడు. అదే నెలలో ‘సలో’ పారిస్‌లో ప్రదర్శితమైంది. ఇటలీ సెన్సారుతో, కోర్టులతో దాని గొడవ ఆ తర్వాత చాలాకాలం సాగింది.

లియోనె: సాగిన కాలం

ఇద్దరు దర్శకులకూ ఉమ్మడిగా ఉన్నవాడు బరాల్యి ఒక్కడే కాదు. పాసోలినీ తొలి చిత్రాలకు ఛాయాగ్రహణం చేసిన తొనీనో దెల్లి కొల్లి లియోనెకు కూడా మూడు పెద్ద సినిమాలు తీశాడు. ఎన్నియో మొరికోనె ఇద్దరికీ సంగీతం ఇచ్చాడు. ఒకే గుంపు సాంకేతికులు పొద్దున్న ఒకరి దగ్గర, సాయంత్రం ఇంకొకరి దగ్గర పనిచేసినట్టు. ఒక పక్క కవిత్వం, ఇంకోపక్క కౌబాయ్ అని విమర్శకులు గీసిన గీత రోమ్ స్టూడియో నేల మీద ఎక్కడా కనిపించదు.

లియోనె ‘డాలర్ల’ కౌబాయ్ సినిమాలు మూడింట్లో మొదటి రెండిటికి వేరే ఎడిటర్లు. మూడోదైన ‘ది గుడ్, ది బ్యాడ్ అండ్ ది అగ్లీ’కి యుజేనియో అలబీసోతో కలిసి బరాల్యి చేరాడు. ముగింపు ఘట్టం ఎడిటింగ్ విద్యార్థులకు పాఠ్యాంశమైపోయింది. స్పెయిన్‌లో బుర్గోస్ ప్రాంతంలో సైనికుల చేత వేలాది ఉత్తుత్తి సమాధులు తవ్వించి కట్టిన శ్మశానం. మొదట తూకో అనే బందిపోటు బంగారం కోసం సమాధుల మధ్య పరిగెత్తుతాడు. మొరికోనె సంగీతం పైకి లేస్తున్నకొద్దీ కెమెరా తిరుగుడు వేగం పుంజుకుని సమాధులు గీతలైపోతాయి. ఆ పరుగు ఆగాక మధ్యనున్న రాళ్ల వలయంలో ముగ్గురు నిలబడతారు. దాదాపు ఐదు నిమిషాలు ఎవరూ మాట్లాడరు. మొదట దూరం నుంచి ముగ్గురూ చీమల్లా. తర్వాత నడుము దాకా. తర్వాత చెయ్యి, తుపాకీ, ముఖం. తర్వాత కళ్లు మాత్రమే. ప్రతి చుట్టుకూ షాటు నిడివి తగ్గుతుంది. చివర్లో కళ్లు, చేయి, కళ్లు, చేయి, లెక్కపెట్టలేనంత వేగం. తుపాకీ పేలుడు ఒక్క క్షణంలో అయిపోతుంది. కథాపరంగా చూస్తే జరిగింది ఆ ఒక్క క్షణమే, మిగతా ఐదు నిమిషాలూ ఎడిటింగ్ గదిలో తయారైన కాలం.

టెక్నిస్కోప్ అనే పద్ధతి కూడా ఇక్కడ చెప్పుకోవాలి. టెక్నికలర్ కంపెనీ ఇటలీ శాఖ 1960లలో తెచ్చిన ఆ పద్ధతిలో ఒక్కో ఫ్రేముకు మామూలుగా వాడే ఫిల్ములో సగమే ఖర్చు. వెయ్యి అడుగులకు పదకొండు నిమిషాల బదులు ఇరవై రెండు నిమిషాలు తీయవచ్చు. వెడల్పాటి తెర, చవక ఫిల్ము, అంచేత దర్శకుడు ఎన్ని కోణాల్లోనైనా తీసుకోవచ్చు. ఒకే ముఖాన్ని అన్నిసార్లు, అంత దగ్గరగా తీసే విలాసం లియోనెకు దొరికిందంటే అందులో ఈ ఫిల్ము పొదుపు పాత్ర ఉంది. ఎడిటర్ బల్ల మీదికి వచ్చే గుట్ట మాత్రం ఆ మేరకు పెరుగుతుంది.

‘వన్స్ అపాన్ ఎ టైమ్ ఇన్ ది వెస్ట్’ (1968) నాటికి బరాల్యి ఒక్కడే ఎడిటర్. ముందే రికార్డు చేసిన మొరికోనె సంగీతాన్ని సెట్లో మోగిస్తూ షూటింగ్ చేశారు. డబ్బింగ్ ఉంది గనకే అది సాధ్యమైంది. సినిమా మొదట్లో ముగ్గురు దుండగులు ఎడారి స్టేషన్లో రైలు కోసం ఎదురుచూస్తారు. సంగీతం లేదు. కిర్రుమనే గాలిమర, ఒకడి టోపీ మీద పడే నీటిచుక్క, ఇంకొకడి గడ్డం మీద వాలిన ఈగ. రైలు రాదు, రాదు, రాదు. ప్రేక్షకుడికి విసుగు వచ్చే అంచుదాకా తీసుకెళ్లి అక్కడ ఆపడం చాలా ప్రమాదకరమైన ఆట. ఒక నిమిషం ఎక్కువైతే థియేటర్లో ఈలలు మొదలవుతాయి. కొంచెం తర్వాత విలన్ ఫ్రాంక్ చిన్నపిల్లాడి మీద తుపాకీ పేలుస్తాడు. ఆ పేలుడు రైలు కూతలోకి కలిసిపోతుంది, మనం ఇంకో చోట ఉంటాం. పిల్లాడు పడిపోవడం చూపించరు.

ఆ సినిమాలో అసలు నిర్మాణమంతా ఒక ఫ్లాష్‌బ్యాక్ మీద ఉంది. హార్మోనికా వాయించేవాడికి ఒక జ్ఞాపకం పదేపదే వస్తుంటుంది: మసకగా, ఎండలో ఎవరో నడిచి వస్తున్నారు. ముఖం తేటపడేలోపు ప్రతిసారీ కట్. చివరి ద్వంద్వయుద్ధంలో తుపాకులు ఎత్తేముందు ఆ బొమ్మ మొత్తం తెర మీదికొస్తుంది, నడిచి వస్తున్నది ఎవరో, అతను ఏం చేశాడో అప్పుడు తెలుస్తుంది. మొత్తం పగ కథను ఒక్క ముఖాన్ని ఎంతసేపు దాచాలన్న లెక్క మీద నడపడం ఇది. ‘మత్తయి సువార్త’లో ఒక ముఖాన్ని మార్చిమార్చి చూపించిన చేతులే ఇక్కడ ఒక ముఖాన్ని చూపించకుండా రెండున్నర గంటలు ఆపాయి. అమెరికాలో పంపిణీదారులు ఈ సినిమాలో ఇరవై నిమిషాలదాకా కోసేశారు. లియోనె సినిమాలకు అది అలవాటైన కష్టమే.

‘జూ లా తెస్తా’లో (1971) అదే పద్ధతి వ్యంగ్యానికి పనికొచ్చింది. ధనికుల బండిలో కూర్చున్న పెద్దమనుషులు రైతుల్ని తిడుతూ తింటుంటారు. కెమెరా వాళ్ల నోళ్లకు దగ్గరవుతూ పోతుంది, ముఖం పోయి పళ్లు, నాలుక, నమిలిన ముద్ద మాత్రం మిగులుతాయి. చూస్తుంటే వాంతి వచ్చేలా కోశారు. లియోనె నిర్మాణంలో తొనీనో వలేరీ తీసిన ‘మై నేమ్ ఈజ్ నోబడీ’ (1973) కూర్పు కూడా బరాల్యిదే.

ఈ ఇటలీ కౌబాయ్ సినిమాల గాలి తెలుగుదాకా వచ్చింది. కె.ఎస్.ఆర్.దాస్ దర్శకత్వంలో కృష్ణ హీరోగా 1971లో వచ్చిన ‘మోసగాళ్ళకు మోసగాడు’ ఆ పుట్టుకే. టోపీలు, గుర్రాలు, నిధి వేటతో పాటు కళ్లకు కెమెరా దగ్గరగా వెళ్లడం, తుపాకీకి ముందు ఆగడం కూడా దిగుమతి అయ్యాయి.

మిగతా పని

ఇంత పెద్ద పేర్ల నీడలో బరాల్యి రోజువారీ పని కనిపించకుండా పోతుంది. రెండు వందల పైచిలుకు సినిమాల్లో పాసోలినీ, లియోనెలవి ఇరవై దాటవు. మిగతావి కామెడీలు, పోలీసు కథలు, చవక కౌబాయ్‌లు, ఈనాడు ఎవరూ చూడనివి ఎన్నో. 1980లలో రుజ్జేరో మస్త్రోయాన్ని, ఉగో దె రొస్సీలతో కలిసి ఫెల్లీనీ ‘జింజర్ అండ్ ఫ్రెడ్’ చేశాడు. తర్వాత ‘ఇంతెర్విస్తా’ (1987), ఫెల్లీనీ చివరి సినిమా ‘లా వోచె దెల్లా లూనా’ (1990) అతనివే. ఈ చివరిదానికి ఇటలీ జాతీయ పురస్కారం లాంటి దవీద్ ది దొనతెల్లో దక్కింది. మరుసటి ఏడాది గబ్రియేలె సల్వతోరెస్ ‘మెదితెర్రానెయో’కు మళ్లీ అదే బహుమతి. ఆ సినిమా 1992లో ఉత్తమ విదేశీ చిత్రంగా ఆస్కార్ గెలుచుకుంది. రొబెర్తో బెనీన్యి ‘ఇల్ పిక్కొలో ద్యావొలో’, ‘జానీ స్తెక్కీనో’ లాంటి నవ్వుల సినిమాలు కూడా అతని బల్ల మీదివే. హాస్యంలో ఒక ఫ్రేము ముందు కోసినా వెనక కోసినా నవ్వు పోతుంది. అది నింపాదిగా చేసే లియోనె పనికన్నా కష్టమని చాలామంది ఎడిటర్ల అభిప్రాయం.

అమెరికా సినిమా, రెండు కత్తెరలు

బరాల్యి పనిలో ఎక్కువ చర్చకు వచ్చినది లియోనె చివరి సినిమా ‘వన్స్ అపాన్ ఎ టైమ్ ఇన్ అమెరికా’ (1984). న్యూయార్క్ యూదు గ్యాంగ్‌స్టర్ నూడుల్స్ జీవితం. 1920లు, 1933, 1968, ఈ మూడు కాలాలు వరస తప్పి కలుస్తాయి. మొదట్లో నూడుల్స్ నల్లమందు మత్తులో పడుకుని ఉంటాడు, ఎక్కడో ఫోన్ మోగుతుంది. ఆ మోత ఆగదు. వాన కురుస్తున్న వీధిలో శవాల మీద, పార్టీలో ముఖాల మీద, దీపం మీద, ఇరవైకి పైగా సార్లు మోగుతుంది. ఎవరో ఎత్తేదాకా ఎక్కడి ఫోనో తెలియదు. బొమ్మ కాలాల్లో దూకుతుంటే శబ్దం మాత్రం తెగకుండా పట్టుకుని ఉంటుంది. స్టేషన్లో యువ నూడుల్స్ టికెట్ కొని వెళ్తాడు, గోడమీద కోనీ ఐలాండ్ ప్రకటన. అదే గోడ, ఇప్పుడు పెద్ద యాపిల్ బొమ్మ, అద్దంలో ముసలి నూడుల్స్, వెనక ‘యెస్టర్‌డే’ పాట. ముప్పైయైదేళ్లు ఒక గోడ దగ్గర గడిచిపోయాయి. హోటల్ వెనక గోడలోని సందులోంచి ముసలివాడు తొంగిచూస్తాడు, అవతల చిన్నపిల్ల డెబోరా నాట్యం చేస్తుంటుంది. ఈ సినిమాలో ప్రతి కాలమూ ఇలా ఒక ముఖం దగ్గర, ఒక చూపు దగ్గర తెరుచుకుంటుంది.

లియోనె మొదట దీన్ని రెండు భాగాలుగా విడుదల చేద్దామనుకున్నాడు. అది కుదరక కోస్తూ వచ్చి 1984 కాన్ చిత్రోత్సవంలో 229 నిమిషాల రూపం చూపించాడు. జనం లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. అమెరికాలో పంపిణీ చేసిన ల్యాడ్ కంపెనీ దాన్ని 139 నిమిషాలకు కుదించింది. అది వేరే ఎడిటర్ చేత చేయించిన పని. కోసి ఊరుకోలేదు, కాలక్రమంలో వరస పెట్టించింది: మొదట బాల్యం, తర్వాత యవ్వనం, తర్వాత వార్ధక్యం. గోడా, సందూ, ఫోనూ చేసే పని అప్పటికి పోయినట్టే. మిగిలింది మామూలు గ్యాంగ్‌స్టర్ కథ. అమెరికాలో ఆ రూపం చతికిలబడింది. యూరప్‌లో 229 నిమిషాల రూపం మహాచిత్రమని పేరు తెచ్చుకుంది. ఒకే షూటింగ్, ఒకే నటులు, ఒకే సంగీతం. ఎడిటింగ్ అంటే ఏమిటని అడిగేవాళ్లకు ఈ రెండూ పక్కపక్కన వేసి చూపిస్తే చాలు. లియోనె 1989లో పోయాడు, మరో సినిమా తీయకుండానే.

2012లో కాన్‌లో 251 నిమిషాల పునరుద్ధరించిన రూపం చూపించారు. అప్పట్లో తీసేసిన దాదాపు ఇరవై రెండు నిమిషాల సన్నివేశాలు తిరిగి చేర్చారు. అవి ఎడిటింగ్ కోసం వాడిన పాత వర్క్‌ప్రింట్లలోంచి దొరికినవి గనక రంగు వెలిసి, చుట్టూ ఉన్న సన్నివేశాలతో కలవకుండా తేలిపోతాయి. శ్మశానం నిర్వాహకురాలిగా లూయీస్ ఫ్లెచర్, రంగస్థలం మీద క్లియోపాత్రాగా డెబోరా, వీటిని చూడటానికి సరదాగానే ఉంటుంది. చరిత్రకారులకు అవి విలువైనవే. కానీ ప్రేక్షకుడు తానే ఊహించుకోవలసిన విషయాలను అవి నోటితో చెప్పేస్తాయి. 229 నిమిషాల రూపంలో లియోనె, బరాల్యి వాటిని ఎందుకు పక్కన పెట్టారో ఆ పొడుగాటి రూపం చూశాకే నాకు బాగా తెలిసింది.